ఎంఎఫ్‌ప్లాట్.డీఎల్ఎల్ లేదంటోందా? విండోస్‌లో ఆడియో, వీడియో ఫైళ్లను సరిచేసుకునే పద్ధతి

గేమ్ తెరవబోతేనో, వీడియో ఎడిటర్ మీద నొక్కితేనో చిన్న పెట్టె ఒకటి వస్తుంది. ఎంఎఫ్‌ప్లాట్.డీఎల్ఎల్ కనబడలేదు, ప్రోగ్రామ్ మొదలవదు, మళ్లీ ఇన్‌స్టాల్ చేసి చూడండి అని అందులో ఉంటుంది. డీఎల్ఎల్ అంటే చాలా ప్రోగ్రాములు పంచుకుని వాడుకునే కోడ్ ఫైలు. చెప్పినట్టే మళ్లీ ఇన్‌స్టాల్ చేస్తారు. అదే పెట్టె మళ్లీ వస్తుంది. ఆ తర్వాత చాలామంది ఆ ఫైలు పేరు ఇంటర్నెట్‌లో వెతికి, ఒక్క డీఎల్ఎల్‌ను జిప్‌లో పెట్టి ఇచ్చే సైటు నుంచి దింపుకొని విండోస్ సొంత ఫైళ్లు ఉండే సిస్టమ్32 ఫోల్డర్‌లో పడేస్తారు. చిన్న సమస్య పెద్దదయ్యేది అక్కడే.

ఎంఎఫ్‌ప్లాట్ ఒంటరిగా బతికే ఫైలు కాదు. ఇప్పటి విండోస్‌లో అది తెరుచుకోవాలంటే పక్కన ఆర్‌టీవర్క్‌క్యూ.డీఎల్ఎల్ ఉండాలి. అది తెచ్చిపెడితే ఎంఎఫ్‌రీడ్‌రైట్ లేదంటుంది, అదీ తెస్తే ఎంఎఫ్.డీఎల్ఎల్ లేదంటుంది. ఇవన్నీ ఒకే విండోస్ బిల్డ్‌కు, అంటే ఒకే కూర్పు నంబర్‌కు, చెందినవై ఉండాలి. వేర్వేరు బిల్డ్‌ల నుంచి ఏరుకొచ్చిన ఫైళ్లు ఒకదాన్నొకటి పిలిచినప్పుడు అవతల ఉండాల్సిన ఫంక్షన్ ఉండదు, ప్రోగ్రామ్ అక్కడికక్కడే కూలిపోతుంది. పైగా ఆ సైటు ఇచ్చిన ఫైలును మధ్యలో ఎవరు మార్చారో తెలుసుకునే దారి మీకు ఉండదు. ఈ ఫైళ్లన్నీ మైక్రోసాఫ్ట్ దగ్గర నుంచే ఉచితంగా, కట్టకట్టి, మీ బిల్డ్‌కు సరిపోయేలా వస్తాయి. ఏ కట్ట లోపించిందో కనిపెట్టడమే మన పని.

ఒక మాట. ఫైలు పేర్లు, కమాండ్లు ఇక్కడ తెలుగు లిపిలో ఉన్నాయి. కంప్యూటర్‌లో కొట్టేటప్పుడు ఇంగ్లిష్ అక్షరాల్లోనే కొట్టాలి.

ఏ ఫైలు ఏ పని చూస్తుంది

విండోస్‌లో ఆడియో, వీడియో వ్యవస్థ మూడు పొరలుగా పేరుకుంది. పాత ప్రోగ్రాములు ఆగిపోకూడదని పాతదాన్ని తీసేయకుండా పక్కనే కొత్తది కట్టుకుంటూ వచ్చారు.

అడుగు పొర 1992లో వచ్చిన వీడియో ఫర్ విండోస్. ఏవీఐఫిల్32, ఎంఎస్‌వీఎఫ్‌డబ్ల్యూ32, ఏవీఐక్యాప్32 దాని ఫైళ్లు. శబ్దానికి విన్‌ఎంఎం.డీఎల్ఎల్ ఉంది. పాత గేములు, పాత రికార్డింగ్ ప్రోగ్రాములు ఇప్పటికీ వీటినే పిలుస్తాయి.

రెండోది డైరెక్ట్‌షో. 1996లో యాక్టివ్‌మూవీ పేరుతో వచ్చింది. దాని గుండెకాయ క్వార్ట్జ్.డీఎల్ఎల్. ఫైలు చదవడం, విడగొట్టడం, డీకోడ్ చేయడం (కుదించిన బొమ్మను, శబ్దాన్ని విప్పడం), చూపించడం అనే పనులకు విడివిడి ఫిల్టర్లు ఉంటాయి. వాటిని గొలుసులా కలిపేది క్వార్ట్జ్. కంప్యూటర్‌లో ఏయే ఫిల్టర్లు, కెమెరాలు ఉన్నాయో దానికి జాబితా అందించేది డెవ్‌ఎనమ్.డీఎల్ఎల్.

మూడోది విండోస్ విస్టాతో వచ్చిన మీడియా ఫౌండేషన్. ఎంఎఫ్ అనే రెండక్షరాలతో మొదలయ్యే ఫైళ్లలో ఎక్కువ భాగం దీనివే. విండోస్‌తో వచ్చే ప్లేయర్‌లో ఎంపీ4 సినిమా ఒకటి తెరిచారనుకోండి. ఎంఎఫ్‌ఎంపీ4ఎస్‌ఆర్‌సీఎస్‌ఎన్‌కే అనే ఫైలు ఆ ఎంపీ4 డబ్బాను విప్పి, బొమ్మను ఒక పక్కకు, శబ్దాన్ని ఒక పక్కకు తీస్తుంది. బొమ్మ హెచ్.264 రకమైతే ఎంఎస్‌ఎంపెగ్2వీడెక్ దాన్ని విప్పుతుంది. పేరులో ఎంపెగ్2 అని ఉన్నా హెచ్.264 డీకోడర్ ఉండేది ఇందులోనే. శబ్దం ఏఏసీ రకమైతే ఎంఎస్‌ఆడ్‌డెక్‌ఎంఎఫ్‌టీ విప్పుతుంది. వీటన్నిటికీ జ్ఞాపకస్థలం, పనుల వరుస, సమయం అందించే నేల ఎంఎఫ్‌ప్లాట్. అందుకే అది లేకపోతే మిగతావి ఉన్నా లేనట్టే. గేములు, ఎడిటర్లు మొత్తం ప్లేయర్ అక్కర్లేకుండా ఒక్కో ఫ్రేమ్‌ను అందుకోవడానికి ఎంఎఫ్‌రీడ్‌రైట్‌ను వాడతాయి. గేములో కథ చెప్పే చిన్న వీడియోలు ఆడేది చాలాసార్లు దీని ద్వారానే. నెట్ నుంచి నేరుగా వచ్చే ప్రసారమైతే ఎంఎఫ్‌నెట్‌ఎస్‌ఆర్‌సీ, ఎంఎఫ్‌నెట్‌కోర్ కూడా రంగంలోకి దిగుతాయి.

విప్పిన శబ్దం ఆడియోసెస్.డీఎల్ఎల్ ద్వారా విండోస్ ఆడియో సర్వీసుకు చేరుతుంది. ఏ స్పీకర్, ఏ హెడ్‌ఫోన్ ఉందో చెప్పేది ఎంఎండెవ్ఏపీఐ.డీఎల్ఎల్. శబ్దం మధ్యలో తెగకుండా ఆ పనికి ముందువరుస ఇప్పించేది ఏవీఆర్‌టీ.డీఎల్ఎల్. అన్ని ప్రోగ్రాముల శబ్దాలూ ఆడియోడీజీ అనే ప్రాసెస్‌లో కలిసి డ్రైవర్‌కు వెళ్తాయి. డ్రైవర్ల కింద ఉండేది కెర్నల్ స్ట్రీమింగ్. డ్రైవర్స్ ఫోల్డర్‌లో ఉండే కేఎస్.సిస్ దాని అసలు ఫైలు. దానికీ ప్రోగ్రాములకూ మధ్య వారధి కేఎస్‌యూజర్.డీఎల్ఎల్. వెబ్‌క్యామ్, టీవీ ట్యూనర్ వంటివాటిని డైరెక్ట్‌షోకు ఫిల్టర్‌లా చూపించేది కేఎస్‌ప్రాక్సీ.ఏఎక్స్.

దీన్నిబట్టి లేదన్న ఫైలు పేరు చూడగానే దారి దొరుకుతుంది. ఎంఎఫ్‌తో మొదలైతే మీడియా ఫీచర్లు లేవని అనుమానించండి. క్వార్ట్జ్ పేరుతో క్రాష్ వస్తే బయటి కోడెక్‌లను (ఆడియో, వీడియోలను విప్పే భాగాలను), కేఎస్ పేరుతో వస్తే డ్రైవర్‌ను చూడండి.

కొన్ని పేర్లు మీడియావిలా కనిపించినా ఈ కట్టలో ఉండవు. ఎక్స్3డీఆడియో1_7, ఎక్స్‌ఆడియో2_7 విండోస్‌తో రావు. మైక్రోసాఫ్ట్ సైటులో ఉండే డైరెక్ట్‌ఎక్స్ 2010 జూన్ రన్‌టైమ్ వేస్తే వస్తాయి. కొత్త డైరెక్ట్‌ఎక్స్ 12 ఉంది కదా అని దాన్ని వదిలేయకండి, ఆ పాత ఫైళ్లు కొత్తదానిలో లేవు. వీసీరన్‌టైమ్140, ఎంఎస్‌వీసీపీ140 అయితే విజువల్ సీ++ రీడిస్ట్రిబ్యూటబుల్ కావాలి. 64 బిట్ విండోస్‌లో ఎక్స్64, ఎక్స్86 రెండూ వేయండి.

పెట్టెలో మాట సరిగ్గా చదవండి

"కనబడలేదు" అంటే ఫైలు నిజంగా లేదు. "ఎంట్రీ పాయింట్ కనబడలేదు" అంటే ఫైలు ఉంది, కానీ పాతదో వేరే బిల్డ్‌దో అయింది. ఎవరో పడేసిన డీఎల్ఎల్ వల్ల వచ్చే తప్పుల్లో ఇది మామూలు. 0ఎక్స్‌సీ000007బీ అనే సంఖ్య వస్తే ఎక్కువసార్లు 32 బిట్ ప్రోగ్రామ్‌కు 64 బిట్ ఫైలు, లేదా దీనికి తిరగబడి, తగిలిందని అర్థం.

ఇక్కడ పేర్లు మోసం చేస్తాయి. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 ఫోల్డర్‌లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు. సిస్‌వౌ64 ఫోల్డర్‌లో ఉండేవి 32 బిట్ ఫైళ్లు. పేరులో 32 ఉంది కదా అని 32 బిట్ ఫైలును సిస్టమ్32లో వేసినవాళ్లు మంచి ఫైలును చెడగొట్టుకుంటారు.

ఏ పెట్టే రాకుండా ప్రోగ్రామ్ మూసుకుపోతే ఈవెంట్ వ్యూయర్ తెరవండి. విండోస్ లాగ్స్ కింద అప్లికేషన్‌లో, మూసుకుపోయిన నిమిషానికి ఎదురుగా 1000 నంబర్ ఎర్రర్ ఉంటుంది. అందులో ఫాల్టింగ్ మాడ్యూల్ నేమ్ అన్న వరుసలో ఉన్న ఫైలు పేరు, దాని కింద ఉన్న పాత్ (ఫైలు ఉన్న చోటు) రెండూ రాసుకోండి. పాత్ సిస్టమ్32లోదా, గేము ఫోల్డర్‌లోదా అన్నది చాలా ముఖ్యం. విండోస్ ఒక డీఎల్ఎల్ కోసం మామూలుగా ముందు ప్రోగ్రామ్ ఉన్న ఫోల్డర్‌లో వెతుకుతుంది, ఆ తర్వాతే సిస్టమ్32కు వెళ్తుంది. గేము ఫోల్డర్‌లో ఎప్పుడో పెట్టి మరిచిపోయిన ఎంఎఫ్‌ప్లాట్ ఉంటే, సిస్టమ్32లో మంచిది ఉన్నా తీసుకునేది ఆ చెడ్డదాన్నే.

మిగిలిపోయిన కాపీల కోసం కమాండ్ ప్రాంప్ట్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి డిఐఆర్, ఖాళీ, సి, కోలన్, బ్యాక్‌స్లాష్, వెంటనే ఎంఎఫ్‌ప్లాట్.డీఎల్ఎల్, ఖాళీ, స్లాష్ ఎస్ అని కొట్టండి. డ్రైవ్ అంతా వెతకడానికి కొన్ని నిమిషాలు పడుతుంది. సిస్టమ్32లో ఒకటి, సిస్‌వౌ64లో ఒకటి, విన్‌ఎస్‌ఎక్స్‌ఎస్ ఫోల్డర్‌లో పొడవాటి పేర్లున్న సబ్‌ఫోల్డర్లలో కొన్ని కనిపించడం సహజం. విండోస్‌ను ఈమధ్యే అప్‌గ్రేడ్ చేసి ఉంటే విండోస్.ఓల్డ్‌లోనూ ఉంటాయి. డౌన్‌లోడ్స్‌లోనో, గేము ఫోల్డర్‌లోనో కనిపిస్తే దాని పేరు చివర .ఓల్డ్ అని చేర్చి ప్రోగ్రామ్‌ను మళ్లీ తెరిచి చూడండి. చాలామందికి ఇక్కడే తీరిపోతుంది.

ఫైలు అసలుదేనా అని చూడటానికి రైట్‌క్లిక్ చేసి ప్రాపర్టీస్‌లో డిజిటల్ సిగ్నేచర్స్ కోసం వెతుకుతారు. విండోస్ ఫైళ్లు చాలావాటికి సంతకం ఫైలు లోపల కాక విడిగా కేటలాగ్‌లో ఉంటుంది కాబట్టి ఆ ట్యాబ్ కనిపించకపోవచ్చు. అంతమాత్రాన నకిలీ అనుకోకండి. పవర్‌షెల్‌లో గెట్-ఆథెంటికోడ్‌సిగ్నేచర్ అని కొట్టి, ఖాళీ ఇచ్చి ఫైలు పూర్తి పాత్ ఇవ్వండి. స్టేటస్ దగ్గర వాలిడ్ అని రావాలి. నాట్‌సైన్డ్ అనో, హ్యాష్ మిస్‌మ్యాచ్ అనో వస్తే ఆ ఫైలును మార్చాల్సిందే.

ఎన్ ఎడిషన్ అయితే వైద్యం ఒక్కటే

2004 మార్చిలో ఐరోపా కమిషన్ మైక్రోసాఫ్ట్‌కు 49.7 కోట్ల యూరోల జరిమానా వేసి, మీడియా ప్లేయర్ లేని విండోస్‌ను కూడా అమ్మాలని తీర్పు ఇచ్చింది. అలా పుట్టింది ఎన్ ఎడిషన్. ప్లేయర్‌తోపాటు దాని కింద ఉండే మీడియా ఫౌండేషన్ కూడా ఇందులో ఉండదు. దక్షిణ కొరియాకు కేఎన్ పేరుతో ఇలాంటిదే వచ్చింది. మనదగ్గర అమ్మే ల్యాప్‌టాప్‌లలో మామూలుగా ఇది రాదు. జర్మనీ, ఫ్రాన్స్ వంటి దేశాల్లో చదువుకో ఉద్యోగానికో వెళ్లి అక్కడే విండోస్ కొన్నవాళ్లకు, తెలియక ఎన్ ఐఎస్ఓ (విండోస్‌ను ఇన్‌స్టాల్ చేసే డిస్క్ ఫైలు) ఎక్కించుకున్నవాళ్లకు ఎదురవుతుంది.

సెట్టింగ్స్‌లో సిస్టమ్, అందులో అబౌట్ తెరిచి ఎడిషన్ వరుస చూడండి. హోమ్ ఎన్, ప్రో ఎన్ అని ఉంటే మిగతా మరమ్మతులేవీ ముందు చేయనక్కర్లేదు. అసలు ఇవ్వని ఫైళ్లను రిపేర్ కమాండ్లు తెచ్చిపెట్టవు, వాటి లెక్కలో అంతా బాగానే ఉంది.

1. విండోస్ 10లో సెట్టింగ్స్, యాప్స్, యాప్స్ అండ్ ఫీచర్స్, ఆప్షనల్ ఫీచర్స్, యాడ్ ఎ ఫీచర్ తెరవండి. విండోస్ 11లో ఆప్షనల్ ఫీచర్స్ పాత వెర్షన్లలో యాప్స్ కింద, కొత్తవాటిలో సిస్టమ్ కింద ఉంటుంది. అక్కడ వ్యూ ఫీచర్స్ నొక్కండి.
2. వెతికే పెట్టెలో మీడియా అని కొట్టి మీడియా ఫీచర్ ప్యాక్‌ను టిక్ చేయండి. ఎన్ కాని ఎడిషన్లలో ఈ పేరు జాబితాలో కనిపించదు. కనిపించలేదంటే మీ సమస్య వేరే.
3. ఇన్‌స్టాల్ అయ్యాక తప్పక రీస్టార్ట్ చేయండి. షట్‌డౌన్ చేసి మళ్లీ ఆన్ చేయడం కాదు. ఫాస్ట్ స్టార్టప్ ఆన్‌లో ఉంటే షట్‌డౌన్ పూర్తి షట్‌డౌన్ కాదు.

విండోస్ 10లో 1909 కంటే పాత వెర్షన్ అయితే ప్యాక్‌ను మైక్రోసాఫ్ట్ సైటు నుంచి ఆ వెర్షన్‌కు సరిపోయేది దింపుకోవాలి. పెద్ద వెర్షన్ అప్‌డేట్ తర్వాత ఒక్కోసారి ప్యాక్ పోతుంది, అప్పుడు మళ్లీ వేయండి.

విండోస్ సర్వర్‌లో కూడా మీడియా ఫౌండేషన్ వేయకుండానే ఉంటుంది. సర్వర్ మేనేజర్‌లో యాడ్ రోల్స్ అండ్ ఫీచర్స్ ద్వారా ఫీచర్ల జాబితాలో మీడియా ఫౌండేషన్ టిక్ చేసి రీస్టార్ట్ చేయండి. క్లౌడ్ మెషీన్‌లో వీడియో మార్చే ప్రోగ్రామ్ తెరుచుకోకపోతే మొదట చూడాల్సింది ఇదే.

ఎన్ కాని హోమ్, ప్రోలలో కంట్రోల్ ప్యానెల్‌లో టర్న్ విండోస్ ఫీచర్స్ ఆన్ ఆర్ ఆఫ్ తెరిచి, మీడియా ఫీచర్స్ కింద టిక్ ఉందో లేదో చూడండి. లేకపోతే టిక్ పెట్టి రీస్టార్ట్ చేయండి. అప్పటికే టిక్ ఉంటే తీసి రీస్టార్ట్ చేసి, మళ్లీ పెట్టి రీస్టార్ట్ చేయండి.

తేలికగా నడుస్తుందని ఎవరో మీడియా భాగాలు కోసేసి ఇచ్చిన "లైట్" విండోస్ ఎక్కించుకున్నవాళ్లకు ఈ జాబితాలో ఆ పేర్లే ఉండవు. విండోస్ తన ఫైళ్ల కాపీలు దాచుకునే కాంపోనెంట్ స్టోర్ నుంచే తీసేసి ఉంటే దాన్ని బాగుచేయడం కాలం వృథా. మామూలు ఐఎస్ఓ మైక్రోసాఫ్ట్ నుంచి దింపి కొత్తగా వేసుకోండి.

పాడైన ఫైలును తిరిగి తెచ్చుకోవడం

అప్‌డేట్ పడుతుండగా కరెంటు పోవడం, డిస్క్ చెడటం, ఎవరో ఫైలు మార్చడం వల్ల ఉన్న ఫైలే పాడవుతుంది. విండోస్ తన ఫైళ్ల మంచి కాపీలను విన్‌ఎస్‌ఎక్స్‌ఎస్ అనే కాంపోనెంట్ స్టోర్‌లో దాచుకుంటుంది. ఎస్‌ఎఫ్‌సి అనే మరమ్మతు కమాండ్ అక్కడి నుంచి తెచ్చి సిస్టమ్32లో పెడుతుంది. ఆ స్టోరే చెడితే ఎస్‌ఎఫ్‌సి చేతులెత్తేస్తుంది. కాబట్టి ముందు డిస్మ్ అనే ఇంకో కమాండ్‌తో స్టోర్‌ను బాగుచేసి, ఆ తర్వాత ఎస్‌ఎఫ్‌సి నడపాలి. ఈ వరుస తిరగేసి, రిపేర్ కావడం లేదని వదిలేసినవాళ్లు ఎక్కువ.

ల్యాప్‌టాప్‌కు ఛార్జర్ పెట్టండి. టెర్మినల్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా తెరవండి. మొదటి కమాండ్: డిస్మ్, ఖాళీ, స్లాష్ ఆన్‌లైన్, ఖాళీ, స్లాష్ క్లీనప్-ఇమేజ్, ఖాళీ, స్లాష్ రీస్టోర్‌హెల్త్. క్లీనప్‌కూ ఇమేజ్‌కూ మధ్య అడ్డగీత ఉంది, ఖాళీ లేదు. ప్రతి స్లాష్ ముందు ఖాళీ తప్పనిసరి. 20 శాతం దగ్గరో, 62 శాతం దగ్గరో చాలాసేపు ఆగినట్టు కనిపిస్తుంది. కిటికీ మూసేయకండి, లోపల పని నడుస్తూనే ఉంటుంది. ఇది మంచి ఫైళ్లను విండోస్ అప్‌డేట్ నుంచి దింపుకుంటుంది కాబట్టి ఫోన్ హాట్‌స్పాట్ మీద ఉంటే డేటా ఎంత మిగిలిందో ముందే చూసుకోండి.

అది విజయవంతమైందని వచ్చాక రెండో కమాండ్: ఎస్‌ఎఫ్‌సి, ఖాళీ, స్లాష్ స్కాన్‌నౌ. చివర వచ్చే వాక్యం మూడు రకాలు. ఏ లోపం కనబడలేదంటే సిస్టమ్ ఫైళ్లు బాగున్నాయి, కారణం వేరేచోట ఉంది. పాడైనవి దొరికాయి, సరిచేశాం అంటే రీస్టార్ట్ చేసి ప్రోగ్రామ్ తెరవండి. దొరికాయి కానీ కొన్నిటిని సరిచేయలేకపోయాం అంటే రీస్టార్ట్ చేసి రెండు కమాండ్లూ అదే వరుసలో ఇంకోసారి నడపండి. ఏ ఫైలు తేడా చేసిందో విండోస్ ఫోల్డర్‌లో లాగ్స్, అందులో సీబీఎస్ ఫోల్డర్‌లో ఉన్న సీబీఎస్.లాగ్ చెబుతుంది. అది చాలా పెద్దది. నోట్‌ప్యాడ్‌లో తెరిచి, ఎస్, ఆర్ అక్షరాలను చదరపు బ్రాకెట్లలో పెట్టి వెతికితే ఎస్‌ఎఫ్‌సి రాసిన వరుసలు మాత్రమే దొరుకుతాయి.

డిస్మ్ 0ఎక్స్800ఎఫ్081ఎఫ్ అంటే మంచి ఫైళ్లు ఎక్కడా దొరకలేదని అర్థం. అప్పుడు మీ వెర్షన్‌కే చెందిన విండోస్ ఐఎస్ఓను మైక్రోసాఫ్ట్ సైటు నుంచి దింపి, దానిమీద రెండుసార్లు నొక్కి డ్రైవ్‌లా తెరవండి. విన్‌వెర్ నడిపి మీ వెర్షన్, బిల్డ్ ముందే చూసుకోండి. 23హెచ్2 మెషీన్‌కు 24హెచ్2 ఐఎస్ఓ పనికిరాదు. ఐఎస్ఓ లోపల సోర్సెస్ ఫోల్డర్‌లో ఇన్‌స్టాల్.విమ్ గానీ ఇన్‌స్టాల్.ఈఎస్‌డీ గానీ ఉంటుంది. అందులో చాలా ఎడిషన్లు ఉంటాయి, ఒక్కోదానికి ఒక నంబర్. డిస్మ్‌కు స్లాష్ గెట్-విమ్‌ఇన్‌ఫో, స్లాష్ విమ్‌ఫైల్ అని ఇచ్చి, కోలన్ పెట్టి ఆ ఫైలు పాత్ రాస్తే జాబితా చూపిస్తుంది. మీ ఎడిషన్ నంబర్ 6 అనుకోండి. రీస్టోర్‌హెల్త్ కమాండ్ చివర స్లాష్ సోర్స్, కోలన్, విమ్, కోలన్, ఫైలు పాత్, కోలన్, 6 అని చేర్చి, ఇంకో ఖాళీ ఇచ్చి స్లాష్ లిమిట్‌యాక్సెస్ చేర్చండి. ఈఎస్‌డీ ఫైలైతే విమ్ అన్నచోట ఈఎస్‌డీ అని రాయాలి. లిమిట్‌యాక్సెస్ ఉంటే నెట్‌కు వెళ్లకుండా మీరిచ్చిన ఫైలునే వాడుకుంటుంది.

ప్రతి సమస్యకూ రెగ్‌ఎస్‌వీఆర్32 నడపమని చెప్పే సలహాలు కనిపిస్తాయి. అది పోయిన ఫైలును తెచ్చే కమాండ్ కాదు. ఉన్న ఫైలు పేరు రిజిస్ట్రీలో నమోదు చేస్తుంది, అది కూడా ఆ ఫైలుకు ఆ ఏర్పాటు ఉంటేనే. క్వార్ట్జ్‌కు ఆ ఏర్పాటు ఉంది, కాబట్టి డైరెక్ట్‌షో నమోదులు చెదిరినప్పుడు ఉపయోగపడుతుంది. కేఎస్‌యూజర్, ఏవీఆర్‌టీ వంటివాటికి లేదు. వాటిమీద నడిపితే డీఎల్ఎల్‌రిజిస్టర్‌సర్వర్ కనబడలేదని తప్పు వస్తుంది. ఫైలు పాడైందని దాని అర్థం కాదు.

పది రోజులకోసారి ఏదో ఒక ఫైలు పాడవుతూనే ఉంటే విండోస్‌ను తిట్టుకోవడం ఆపి హార్డ్‌వేర్ చూడండి. సీహెచ్‌కేడీఎస్‌కే సి కోలన్ స్లాష్ స్కాన్ నడిపి డిస్క్‌ను, ఎండీషెడ్ నడిపి ర్యామ్‌ను పరీక్షించండి. చెడిన ర్యామ్ మీద చేసిన రిపేర్ మంచి ఫైలును కూడా తప్పుగా రాయగలదు.

ఫైళ్లన్నీ ఉన్నా వీడియో ఆడకపోతే

అదే వీడియోను వీఎల్‌సీలో తెరిచి చూడండి. వీఎల్‌సీ తన డీకోడర్లు తానే తెచ్చుకుంటుంది, మీడియా ఫౌండేషన్ మీద ఆధారపడదు. అందులో ఆడి విండోస్ ప్లేయర్‌లో ఆడకపోతే లోపం కోడెక్‌లోనో, మీడియా ఫౌండేషన్‌లోనో ఉంది. అందులోనూ ఆడకపోతే వీడియో ఫైలే సరిగా దిగలేదని అనుకోవచ్చు. 0ఎక్స్‌సీ00డీ36సీ4 వస్తే ఆ రకం ఫైలును విండోస్ గుర్తుపట్టలేదు. 0ఎక్స్‌సీ00డీ5212 వస్తే కోడెక్ దొరకలేదు.

ఐఫోన్ 2017లో వచ్చిన ఐఓఎస్ 11 నుంచి హై ఎఫిషియెన్సీ పద్ధతిలో, అంటే హెచ్‌ఈవీసీలో, వీడియో తీస్తోంది. పెళ్లి వీడియో ఫోన్ నుంచి కంప్యూటర్‌కు ఎక్కించాక మాట వినిపించి బొమ్మ రాకపోతే దీన్నే అనుమానించండి. మైక్రోసాఫ్ట్ స్టోర్‌లో హెచ్‌ఈవీసీ వీడియో ఎక్స్‌టెన్షన్స్ కొద్ది ధరకు దొరుకుతుంది. కొన్ని ల్యాప్‌టాప్‌లలో తయారీ కంపెనీయే వేసి ఇస్తుంది. ఏవీ1 అనే ఇంకో వీడియో రకానికి ఎక్స్‌టెన్షన్ ఉచితం. ఇందుకు తిరగబడి, బొమ్మ వచ్చి శబ్దం రాకపోతే ఫైలులో ఆడియో ఏసీ-3 రకమేమో చూడండి. విండోస్ 11 24హెచ్2 నుంచి ఆ కోడెక్‌ను విండోస్‌తో ఇవ్వడం మానేశారు. సినిమా ఫైళ్లలో ఇది ఎక్కువ కాబట్టి కొత్త కంప్యూటర్ కొన్నవాళ్లు స్పీకర్లు చెడ్డాయని కంగారుపడుతున్నారు. వీఎల్‌సీలో తెరిస్తే సరిపోతుంది.

బయటి కోడెక్ ప్యాక్‌లు వేసుకున్న మెషీన్‌లో ఇంకో రకం తిప్పలు. డైరెక్ట్‌షోలో ప్రతి ఫిల్టర్‌కూ మెరిట్ అనే అంకె ఉంటుంది. ఎక్కువ అంకె ఉన్నదాన్ని క్వార్ట్జ్ ముందు పిలుస్తుంది. ప్యాక్‌లోని ఫిల్టర్ తనకు పెద్ద అంకె రాసుకుంటే, అది చెడ్డదైనా డైరెక్ట్‌షో వాడే ప్రతి ప్రోగ్రామ్‌లోకీ వస్తుంది. వీడియోలున్న ఫోల్డర్ తెరవగానే ఎక్స్‌ప్లోరర్ మూసుకుపోతోందంటే థంబ్‌నెయిల్ కోసం అలాంటి కోడెక్‌ను పిలిచి ఉంటుంది. వ్యూలో లిస్ట్ పెట్టినప్పుడు మూసుకుపోకుండా, పెద్ద ఐకాన్లు పెట్టినప్పుడు మూసుకుపోతే అనుమానం బలపడినట్టే. ప్యాక్‌ను పూర్తిగా తీసేసి రీస్టార్ట్ చేయండి.

తెలుగులో పేరు పెట్టిన వీడియో పాత ఎడిటర్‌లో తెరుచుకోకపోతే డీఎల్ఎల్ తప్పేమీ లేదు. యూనికోడ్‌కు ముందు కాలపు ప్రోగ్రాములు ఏఎన్‌ఎస్‌ఐ కోడ్ పేజీ అనే పాత అక్షరాల పట్టికతో ఫైలు పేరు చదువుతాయి. తెలుగుకు విండోస్‌లో అలాంటి కోడ్ పేజీయే లేదు కాబట్టి పేరంతా ప్రశ్న గుర్తులైపోతుంది, ఫైలు దొరకదు. ఫైలుకూ, అది ఉన్న ఫోల్డర్లన్నిటికీ ఇంగ్లిష్ అక్షరాల పేరు పెట్టి మళ్లీ తెరవండి. విండోస్ యూజర్ పేరు తెలుగులో పెట్టుకున్నా ఇదే ఇబ్బంది, ఎందుకంటే యూజర్ ఫోల్డర్ పాత్‌లో అది ఉంటుంది.

శబ్దం, కెమెరా

శబ్దం మొత్తంగా పోతే సర్వీసెస్ తెరిచి విండోస్ ఆడియో ఎండ్‌పాయింట్ బిల్డర్ మీద రీస్టార్ట్ నొక్కండి. విండోస్ ఆడియో దానిమీద ఆధారపడుతుంది కాబట్టి అదీ ఆగుతుంది. అది తిరిగి నడుస్తోందో లేదో చూసి, లేకపోతే స్టార్ట్ చేయండి. రెండిటికీ స్టార్టప్ టైప్ ఆటోమేటిక్ ఉండాలి. శబ్దం వస్తూ పోతూ ఉంటే, లేదా ఆడియోడీజీ ప్రాసెసర్‌ను తినేస్తుంటే, సెట్టింగ్స్‌లో సౌండ్, అందులో మీ స్పీకర్ తెరిచి ఆడియో ఎన్‌హాన్స్‌మెంట్స్ ఆఫ్ చేయండి. డ్రైవర్ కంపెనీ చేర్చిన శబ్ద ఫిల్టర్లు నడిచేది ఆ ప్రాసెస్‌లోనే.

కెమెరా యాప్‌లో 0ఎక్స్ఏ00ఎఫ్4244 వస్తే విండోస్‌కు కెమెరాయే కనబడటం లేదు. ల్యాప్‌టాప్ మీద కెమెరా మూసే మీట, కీబోర్డ్ మీద కెమెరా బటన్, ప్రైవసీలో కెమెరా అనుమతి, ఈ వరుసలో చూడండి. ఆ తర్వాతే డివైస్ మేనేజర్‌లో డ్రైవర్‌ను తీసేసి, స్కాన్ ఫర్ హార్డ్‌వేర్ ఛేంజెస్ నొక్కి మళ్లీ వేయించండి. కేఎస్.సిస్ పేరుతో నీలి తెర వస్తుంటే ల్యాప్‌టాప్ కంపెనీ సైటు నుంచి ఆడియో, కెమెరా డ్రైవర్లు కొత్తవి వేయండి. కేఎస్.సిస్‌ను చేత్తో ముట్టుకోకండి, తప్పు చాలాసార్లు దానిని పిలిచిన డ్రైవర్‌ది.

అన్నీ చేసినా కాకపోతే

విండోస్ 11లో సెట్టింగ్స్, సిస్టమ్, రికవరీ తెరిస్తే విండోస్ అప్‌డేట్ ద్వారా సమస్యలు సరిచేసే రీఇన్‌స్టాల్ నౌ బటన్ కొత్త వెర్షన్లలో ఉంది. మీ ఫైళ్లు, ప్రోగ్రాములు, సెట్టింగులు అలాగే ఉంచి విండోస్ ఫైళ్లన్నిటినీ కొత్తగా వేస్తుంది. ఆ బటన్ లేకపోతే ఐఎస్ఓ తెరిచి సెటప్ నడపండి. ఏం ఉంచుకోవాలి అని అడిగేచోట పర్సనల్ ఫైల్స్ అండ్ యాప్స్ ఎంచుకోండి. ఆ ఎంపిక మసకబారి ఉంటే ఐఎస్ఓ భాషో, ఎడిషనో మీ విండోస్‌తో కలవలేదని అర్థం, అక్కడే ఆగి సరైన ఐఎస్ఓ తెచ్చుకోండి. సి డ్రైవ్‌లో కనీసం 20 జీబీ ఖాళీ ఉంచండి, ముఖ్యమైన ఫొటోలు, పత్రాలు ముందే వేరే డిస్క్‌కు కాపీ చేసుకోండి. పని పూర్తయ్యాక ఎన్ ఎడిషన్ అయితే మీడియా ఫీచర్ ప్యాక్‌ను మళ్లీ వేసి, రీస్టార్ట్ చేసి, ఆ తర్వాత గేము తెరవండి.